రీవాల్యుయేషన్ రిజల్ట్ నెలల తరబడి రాకపోతే హైకోర్టు ఏం చేస్తుంది?

న్యాయసలహా: పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా విజయవాడ, గుంటూరు నుంచి వచ్చినవే. గోడు కూడా ఒకటే: ఫీజు కట్టించుకున్నారు, ఫలితం ఇవ్వడం లేదు. కొన్ని వ్యవహారాలు ఇంకా నడుస్తున్నాయి కాబట్టి యూనివర్సిటీల పేర్లు తీసేశాం.

ప్రశ్న: మా అమ్మాయికి బీఎస్సీ చివరి సెమిస్టర్‌లో ఒక్క పేపరు పోయింది. 75కి 27 వచ్చాయి, 30 వస్తే పాస్. బాగానే రాశానంటోంది. గడువులోపే రీవాల్యుయేషన్‌కి ఫీజు కట్టాం. 45 రోజుల్లో ఫలితం ఇస్తామని నోటిఫికేషన్‌లో రాశారు. నాలుగు నెలలైంది. కాలేజీలో అడిగితే యూనివర్సిటీకి వెళ్లమంటారు, అక్కడికి వెళితే వెబ్‌సైట్ చూసుకోమంటారు. ఈలోగా సప్లిమెంటరీ ఫీజు కట్టమని నోటీసు వచ్చింది. ఎమ్మెస్సీలో ప్రొవిజనల్ అడ్మిషన్ దొరికింది గానీ నెలాఖరులోపు పాస్ మెమో ఇవ్వాలట. నా పేరుతో హైకోర్టులో కేసు వెయ్యొచ్చా? ఎంత ఖర్చవుతుంది? (ఒక తండ్రి, అరండల్‌పేట, గుంటూరు)

జవాబు: కేసు వెయ్యొచ్చు. అయితే మీ పేరుతో కాదు, మీ అమ్మాయి పేరుతో. ఆమెకు 18 ఏళ్లు నిండాయి కాబట్టి పిటిషనర్ ఆమే. వకాలత్ (లాయరుని పెట్టుకున్నట్టు ఇచ్చే పత్రం) మీద, అఫిడవిట్ (ప్రమాణ పత్రం) మీద సంతకాలు ఆమే పెట్టాలి. తండ్రి సంతకంతో తెచ్చిన కాగితాలు ఫైలింగ్ దగ్గరే వెనక్కి వస్తాయి.

అంతకంటే ముఖ్యమైన సంగతి ఒకటుంది. మీ ఉత్తరంలో రెండు ఫిర్యాదులు కలిసిపోయాయి. "బాగా రాసింది, మార్కులు తక్కువ వేశారు" అన్నది ఒకటి. "45 రోజులన్నారు, నాలుగు నెలలైంది" అన్నది రెండోది. మొదటిదాన్ని కోర్టు పెద్దగా వినదు. రెండోదాన్ని వింటుంది. రూల్సులో లేకపోతే రీవాల్యుయేషన్ అడిగే హక్కే విద్యార్థికి లేదని సుప్రీంకోర్టు 1984లో మహారాష్ట్ర బోర్డు వర్సెస్ పరితోష్ భూపేశ్ కుమార్ సేఠ్ కేసులో తేల్చేసింది. జడ్జీలు జవాబు పత్రాలు దిద్దడానికి కూర్చోకూడదని, ఇలాంటి విషయాల్లో సానుభూతికి చోటు లేదని 2017 డిసెంబరులో రణ్ విజయ్ సింగ్ కేసులో మళ్లీ చెప్పింది. కానీ మీ యూనివర్సిటీ రూల్సులో రీవాల్యుయేషన్ ఉంది. ఫీజూ తీసుకున్నారు, గడువూ వాళ్లే పెట్టుకున్నారు. పెట్టుకున్న గడువు పాటించమని అడగడానికి రాజ్యాంగం 226వ అధికరణం కింద మాండమస్ రిట్ (చెయ్యాల్సిన పని చెయ్యమని అధికారులను ఆదేశించమని కోరే పిటిషన్) సరిగ్గా సరిపోతుంది. అందుకే పిటిషన్‌లో "మా అమ్మాయి తెలివైనది, పదో తరగతిలో ఫస్టు" లాంటి మాటలు ఒక్క వాక్యం కూడా వద్దు. తేదీలు చాలు.

రిట్ కంటే ముందు చెయ్యాల్సిన పని సప్లిమెంటరీ ఫీజు కట్టడం. ఈరోజే కట్టండి. "రీవాల్యుయేషన్‌లో పాసవుతుందిలే" అని గడువు వదిలేసుకుని తర్వాత కోర్టుకొచ్చేవాళ్లు చాలామంది ఉంటారు. జరిగిపోయిన పరీక్షను ఒక్కరి కోసం కోర్టు మళ్లీ పెట్టించదు. ఫీజు కట్టినంత మాత్రాన రీవాల్యుయేషన్ హక్కు వదులుకున్నట్టు కాదు. అయినా అనుమానం మిగలకుండా ప్రిన్సిపాల్‌కి ఒక కాగితం ఇవ్వండి: "నా రీవాల్యుయేషన్ దరఖాస్తు పెండింగ్‌లో ఉండగా, ఆ హక్కుకు భంగం లేకుండా ఈ ఫీజు చెల్లిస్తున్నాను." కాపీ మీద కాలేజీ ముద్ర వేయించుకోండి.

తర్వాత ఆగిపోవడానికి అసలు కారణం కనుక్కోండి. అన్నిసార్లూ తప్పు వాల్యుయేషన్ దగ్గరే ఉండదు. ఫీజు ఆన్‌లైన్‌లో కట్టినప్పుడు బ్యాంకులో డబ్బు పోయి గేట్‌వేలో ఫెయిల్ అయితే యూనివర్సిటీ లెక్కలో మీ దరఖాస్తే ఉండదు. హాల్ టికెట్ నంబరులో ఒక అంకె తేడా పడినా అంతే. కాలేజీ నుంచి ఇంటర్నల్ మార్కులు అప్‌లోడ్ కాకపోతే ఫలితం విత్‌హెల్డ్‌లో (ఆపి ఉంచినవాటిలో) పడుతుంది. అఫిలియేషన్ ఫీజు బకాయి వల్ల కాలేజీ మొత్తానికి ఆపినా విద్యార్థికి కనిపించేది అదే మాట. ఇక వాల్యుయేషన్‌లోనే ఆలస్యమంటే, ఆ సబ్జెక్టుకి ఎగ్జామినర్ దొరక్కపోవడం గానీ, రెండో ఎగ్జామినర్ మార్కులకూ మొదటివాటికీ తేడా ఎక్కువై మూడో వాల్యుయేషన్‌కి వెళ్లడం గానీ అయ్యుంటుంది. కోర్టులో యూనివర్సిటీ ఏం చెబుతుందో ముందే తెలిస్తే అఫిడవిట్‌లోనే దానికి జవాబు రాసుకోవచ్చు.

ఇప్పుడు రిప్రజెంటేషన్, అంటే రాతపూర్వక అర్జీ. "అడిగాం, ఇవ్వలేదు" అని చూపిస్తేనే మాండమస్ నిలబడుతుంది. పదిసార్లు ఆఫీసు చుట్టూ చెప్పులరిగేలా తిరిగినా రుజువు ఉండదు. ఫోన్ చేశానన్నా ఉండదు. ఒక పేజీ అర్జీ కంట్రోలర్ ఆఫ్ ఎగ్జామినేషన్స్ పేరు మీద రాసి, రిజిస్ట్రార్‌కీ ప్రిన్సిపాల్‌కీ కాపీ పెట్టండి. ఇలా సరిపోతుంది:

"నా హాల్ టికెట్ నంబరు ఫలానా. ఫలానా సబ్జెక్టు, పేపర్ కోడ్ ఫలానా. ఫలానా తేదీ రీవాల్యుయేషన్ నోటిఫికేషన్ ప్రకారం ఫలానా తేదీన ఫలానా లావాదేవీ నంబరుతో రుసుము చెల్లించాను. నోటిఫికేషన్‌లోని ఫలానా పేరా ప్రకారం ఫలితం ఫలానా తేదీకి రావాలి. ఇప్పటికీ రాలేదు. పీజీ అడ్మిషన్‌కి ఫలానా తేదీలోపు మెమో సమర్పించాలి. ఏడు రోజుల్లో ఫలితం ప్రకటించవలసిందిగా, నా జవాబు పత్రాన్ని భద్రపరచవలసిందిగా కోరుతున్నాను."

చివరి ముక్క మరిచిపోవద్దు. జవాబు పత్రాలు కొంతకాలమే ఉంచి తర్వాత పారేస్తారు. భద్రపరచమని రాతపూర్వకంగా అడిగి ఉంటే తర్వాత "లేవు" అనడం వాళ్లకి కష్టం. అర్జీని యూనివర్సిటీ టపాల్ సెక్షన్‌లో ఇచ్చి మీ కాపీ మీద తేదీ, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోండి. నంబరు వెయ్యం అని వాళ్లంటే స్పీడ్ పోస్టులో పంపి, డెలివరీ అయినట్టు చూపే ట్రాకింగ్ పేజీ ప్రింటు తీసి ఉంచండి. సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో అర్జీ ఇవ్వడం వల్ల నష్టం లేదు, కానీ అది తిరిగి తిరిగి అదే పరీక్షల విభాగానికి చేరుతుంది. దాన్ని నమ్ముకుని రోజులు పోగొట్టుకోకండి.

పక్కనే ఇంకో దారి ఉంది, చాలామందికి తెలియదు. యూజీసీ (యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్) 2023లో తెచ్చిన విద్యార్థుల ఫిర్యాదుల పరిష్కార నిబంధనల ప్రకారం ప్రతి విద్యాసంస్థలోనూ ఫిర్యాదుల కమిటీ, యూనివర్సిటీకి అంబుడ్స్‌పర్సన్ (ఆ కమిటీ నిర్ణయాలపై అప్పీళ్లు వినే అధికారి) ఉండాలి. అకడమిక్ క్యాలెండర్ దాటి ఫలితాలు ఆలస్యం చెయ్యడాన్ని ఆ నిబంధనలే ఫిర్యాదుగా గుర్తించాయి. కమిటీ 15 పని దినాల్లో తేల్చాలి. నచ్చకపోతే 15 రోజుల్లో అంబుడ్స్‌పర్సన్‌కి అప్పీలు, అక్కడ 30 రోజులు. ఇక్కడ కూడా మళ్లీ అదే కథ: ఆలస్యం గురించి అయితే వింటారు, మార్కులు మళ్లీ వెయ్యమంటే తీసుకోరు. నిర్దిష్టమైన అక్రమమో వివక్షో చూపిస్తే తప్ప రీవాల్యుయేషన్, రీటోటలింగ్ అప్పీళ్లు వినకూడదని రూలే ఉంది. మీకు నెలాఖరు గడువు ఉంది కాబట్టి కమిటీకి ఫిర్యాదు పెట్టండి, కానీ దాని కోసం ఆగకండి. "వేరే మార్గం ఉండగా ఇక్కడికెందుకు వచ్చారు" అని యూనివర్సిటీ లాయరు అంటే, ఫిర్యాదు చేశామని చూపించడానికి ఆ కాగితం పనికొస్తుంది.

ఏడు రోజులకీ ఉలుకూ పలుకూ లేకపోతే రిట్. హైకోర్టు నేలపాడులో ఉంది, గుంటూరు నుంచి తుళ్లూరు వైపు. లాయరు దగ్గరికి వెళ్లేటప్పుడు తీసుకెళ్లాల్సినవి: రీవాల్యుయేషన్ నోటిఫికేషన్ పూర్తి ప్రతి (చివరి పేజీలోని షరతులతో సహా), ఫీజు రసీదు, బ్యాంకు స్టేట్‌మెంటు, మార్కుల మెమో, హాల్ టికెట్, అర్జీ, దాని అందినట్టు రుజువు, పీజీ అడ్మిషన్ లెటరు, సప్లిమెంటరీ నోటిఫికేషన్, ఆధార్. ప్రతివాదులుగా ఉన్నత విద్యాశాఖ ద్వారా రాష్ట్ర ప్రభుత్వం, రిజిస్ట్రార్ ద్వారా యూనివర్సిటీ, పరీక్షల కంట్రోలర్, మీ కాలేజీ ఉండాలి. పీజీ సీటు నిలబడాలంటే ఆ సీటు ఇచ్చిన అడ్మిషన్ల కన్వీనర్‌నో కాలేజీనో కూడా చేర్చాలి. ఇక్కడే ఎక్కువమంది పొరపాటు చేస్తారు. వాళ్లని పార్టీ చెయ్యకుండా "నా సీటు ఉంచండి" అని ఆర్డరు తెచ్చుకోలేరు.

ప్రేయర్, అంటే కోర్టుని ఏం ఇమ్మని అడుగుతున్నారో ఆ భాగం, రెండుగా ఉంటే మంచిది. అసలు పిటిషన్‌లో, ఫలితం ప్రకటించకపోవడం చట్టవిరుద్ధమని ప్రకటించి, ఇన్ని రోజుల్లో ప్రకటించమని అడగాలి. మధ్యంతర దరఖాస్తులో, ఫలితం వచ్చేదాకా ప్రొవిజనల్ అడ్మిషన్ రద్దు చెయ్యొద్దని అడగాలి. "పాస్ చేసినట్టు ప్రకటించండి" అన్న మాట అందులోకి వచ్చిందంటే మొదటికే మోసం. యూనివర్సిటీ లాయరు దాన్నే పట్టుకుని 1984 తీర్పు చదువుతాడు.

మామూలుగా దాఖలు చేస్తే నంబరు పడి లిస్టులోకి రావడానికి కొన్ని రోజులు పడుతుంది. గడువు నెత్తిమీద ఉంటే లాయరు అదేరోజు లంచ్ మోషన్ (భోజన విరామం తర్వాత అత్యవసరంగా వినమనడం) అడగొచ్చు. సెలవు రోజైతే హౌస్ మోషన్ (జడ్జి ఇంటి దగ్గరే వినమనడం). కానీ ఆ తొందర మీరు తెచ్చిపెట్టుకున్నది కాకూడదు. నాలుగు నెలలు ఊరుకుని ఆఖరి రోజున పరుగెత్తుకొస్తే జడ్జి అడిగే మొదటి ప్రశ్న "ఇన్నాళ్లూ ఏం చేశారు?" అనే. మొదటి వాయిదాలో సాధారణంగా యూనివర్సిటీ తరఫు లాయరు (స్టాండింగ్ కౌన్సిల్), యూనివర్సిటీ ఆఫీసు నుంచి వివరాలు తెలుసుకుని చెబుతానని టైమ్ తీసుకుంటారు. నిజం చెప్పాలంటే చాలా కేసుల్లో పని జరిగేది ఇక్కడే. కోర్టు నుంచి ఆ లాయరు ఫోన్ వెళ్లాక ఆ ఒక్క ఫైలు మూలనుంచి బయటికి వస్తుంది, తర్వాతి వాయిదాకి ఫలితం వచ్చేస్తుంది.

ఖర్చు సంగతి. కోర్టు ఫీజు పెద్దది కాదు, బరువంతా లాయరు ఫీజుదే. అయితే పిటిషనర్ మీ అమ్మాయి. 1987 న్యాయ సేవాధికార సంస్థల చట్టం 12వ సెక్షన్ ప్రకారం మహిళలకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరుని ఇస్తారు. ఎస్సీ, ఎస్టీ విద్యార్థులకీ, దివ్యాంగులకీ అంతే. హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీకి దరఖాస్తు పెట్టండి, లేదా 15100కి ఫోన్ చెయ్యండి. డిగ్రీ చదివే ఆడపిల్లల తల్లిదండ్రులు అప్పు చేసి లాయర్ ఫీజు కట్టడం చూస్తే బాధేస్తుంది. ఈ చట్టం వాళ్ల కోసమే ఉంది.

ప్రశ్న: బీటెక్ థర్డ్ ఇయర్. రీవాల్యుయేషన్‌లో "నో చేంజ్" అని వచ్చింది. జవాబు పత్రం జిరాక్స్ కావాలంటే పెద్ద మొత్తం ఫీజు కట్టాలంటున్నారు. ఆర్టీఐలో (సమాచార హక్కు చట్టం కింద) అడిగితే ఇవ్వం అంటున్నారు. ఏది నిజం? (ఒక విద్యార్థి, పటమట, విజయవాడ)

జవాబు: ఆర్టీఐలో ఇవ్వాల్సిందే. దిద్దిన జవాబు పత్రం "సమాచారం" కిందికే వస్తుందని, రాసిన విద్యార్థికి చూసే హక్కూ కాపీ తీసుకునే హక్కూ ఉన్నాయని సుప్రీంకోర్టు 2011లో సీబీఎస్ఈ వర్సెస్ ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో చెప్పింది. రెండు పరిమితులు పెట్టింది. ఎగ్జామినర్ పేరు, సంతకం చెరిపేసి ఇవ్వొచ్చు. పత్రం భద్రపరిచే గడువు దాటిపోతే ఆ హక్కూ పోతుంది. అందుకని రోజులు లెక్కపెట్టుకోండి.

ఫీజు మాటకొస్తే, యూనివర్సిటీ సొంత పథకంలో అడిగితే వాళ్ల ఫీజు, ఆర్టీఐలో అడిగితే ఆర్టీఐ ఫీజు. కంపెనీ సెక్రటరీల ఇన్‌స్టిట్యూట్ వర్సెస్ పరాస్ జైన్ కేసులో 2019లో ఇదే తేలింది. మన రాష్ట్రంలో దరఖాస్తుకి 10 రూపాయలు, పేజీకి 2 రూపాయలు. తొందరగా కావాలంటే వాళ్ల పథకమే మేలు, ఎందుకంటే ఆర్టీఐలో 30 రోజుల దాకా టైముంది.

దరఖాస్తు రాసేటప్పుడు "నాకు ఎందుకు తక్కువ మార్కులు వేశారు" అని అడక్కండి. "ఎందుకు" అన్నదానికి జవాబు చెప్పే బాధ్యత సమాచార అధికారికి లేదు. "ఫలానా హాల్ టికెట్, ఫలానా పేపర్ కోడ్‌కి సంబంధించి మొదటి వాల్యుయేషన్, రీవాల్యుయేషన్ మార్కులు కనిపించే జవాబు పత్రం, అదనపు షీట్లతో సహా, ధ్రువీకరించిన నకలు, ఆ పేపరు స్కీమ్ ఆఫ్ వాల్యుయేషన్ నకలు, జవాబు పత్రాలు ఎంతకాలం ఉంచాలో చెప్పే నిబంధన నకలు" అని కాగితాలే అడగండి. 48 గంటల్లో ఇవ్వాలని రాసేవాళ్లున్నారు. ఆ గడువు ప్రాణానికీ స్వేచ్ఛకీ సంబంధించిన విషయాలకే, పరీక్ష పేపర్లకి కాదు. 30 రోజుల్లో రాకపోయినా, కాదన్నా, తర్వాతి 30 రోజుల్లో అదే యూనివర్సిటీలో మొదటి అప్పీలు. అక్కడా పని కాకపోతే 90 రోజుల్లో రాష్ట్ర సమాచార కమిషన్‌కి రెండో అప్పీలు. గడువు దాటాక ఇస్తే కాపీలు ఉచితంగా ఇవ్వాలి.

కాపీ చేతికొచ్చాక కూర్చుని జవాబులు చదువుకోకండి. ముందు లెక్క చూడండి. లోపలి పేజీల్లో ప్రతి ప్రశ్నకీ వేసిన మార్కులు వరసగా కూడి, ముందు పేజీ గడుల్లో వేసినవాటితో పోల్చండి. 3(బి) కి లోపల 6 ఉండి ముందు గడి ఖాళీగా ఉంటే మీ కేసు అక్కడే ఉంది. అసలు టిక్కు గానీ ఇంటూ గానీ మార్కు గానీ లేని జవాబు ఉందా చూడండి. ఎక్కువ రాసినవాళ్లకి చివరి పేజీల్లో ఇది తగులుతుంది. మీరు జతచేసిన గ్రాఫ్ షీటు కాపీలో ఉందా? ఛాయిస్ ప్రశ్నల్లో అదనంగా రాసినప్పుడు ఎక్కువ మార్కులు వచ్చినదాన్ని తీసుకున్నారా? ఇలాంటివి అభిప్రాయంతో పనిలేని తప్పులు. వీటి మీద రాతపూర్వకంగా అడిగి, సరిచెయ్యకపోతే రిట్‌కి వెళ్లొచ్చు. "నా డెరివేషన్‌కి 4 బదులు 7 వెయ్యాలి" అనేది మాత్రం వదిలెయ్యండి. యూనివర్సిటీలో ఛాలెంజ్ వాల్యుయేషన్ ఉంటే అక్కడ ప్రయత్నించండి.

ప్రశ్న: ఫలితం ఆలస్యమై మా అబ్బాయికి వచ్చిన ఉద్యోగం పోయింది. వినియోగదారుల కమిషన్‌లో 5 లక్షల పరిహారానికి కేసు వెయ్యమంటున్నారు తెలిసినవాళ్లు. (గవర్నర్‌పేట, విజయవాడ)

జవాబు: వద్దు. పరీక్షలు పెట్టే బోర్డు సేవలమ్మే సంస్థ కాదనీ, పరీక్ష రాసే విద్యార్థి వినియోగదారుడు కాదనీ సుప్రీంకోర్టు 2009లో బిహార్ స్కూల్ ఎగ్జామినేషన్ బోర్డు కేసులో చెప్పింది. 2010లో మహర్షి దయానంద్ యూనివర్సిటీ వర్సెస్ సుర్జీత్ కౌర్ కేసులో యూనివర్సిటీకీ అదే మాట. ఉద్యోగ నష్టానికి డబ్బు కావాలంటే సివిల్ దావా వెయ్యాలి. ఆలస్యానికీ ఉద్యోగం పోవడానికీ నేరుగా ఉన్న లంకెను కంపెనీ ఉత్తరంతో రుజువు చెయ్యాలి, ఏళ్లు పడుతుంది. పోయింది ఉద్యోగం కాకుండా మెడికల్ సీటైతే పరిస్థితి కొంత వేరు. మన రాష్ట్రం నుంచే వెళ్లిన ఎస్. కృష్ణ శ్రద్ధ కేసులో 2019 డిసెంబరులో సుప్రీంకోర్టు, విద్యార్థి తప్పు ఏమాత్రం లేకుండా, ఆలస్యం చెయ్యకుండా కోర్టుకొచ్చి, తప్పంతా అధికారులదైతే, అరుదైన సందర్భాల్లో సీటే ఇప్పించవచ్చంది. పరిహారం సీటుకి బదులు కాదని కూడా అంది. అక్కడా కీలకం వెంటనే రావడమే.

ప్రశ్న: మా కాలేజీలో 38 మందిమి ఇదే సమస్యలో ఉన్నాం. అందరం కలిసి ఒకే కేసు వెయ్యొచ్చా? ముందు లీగల్ నోటీసు ఇచ్చి రెండు నెలలు ఆగాలా? మాది డీమ్డ్ యూనివర్సిటీ. (గుంటూరు జిల్లా విద్యార్థులు)

జవాబు: రెండు నెలల నోటీసు ప్రభుత్వం మీద వేసే సివిల్ దావాలకి, సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 80వ సెక్షన్ కింద. రిట్‌కి అవసరం లేదు, అర్జీ ఇచ్చి ఉంటే చాలు. డీమ్డ్ యూనివర్సిటీ మీద కూడా రిట్ నడుస్తుంది. జానెట్ జయపాల్ వర్సెస్ ఎస్ఆర్ఎం యూనివర్సిటీ కేసులో 2015లో సుప్రీంకోర్టు ఆ అనుమానం తీర్చింది.

కలిసి వెయ్యొచ్చు గానీ 38 మందినీ ఒకే మూటలో కట్టకండి. ఒకే నోటిఫికేషన్, ఒకే సెమిస్టర్ వాళ్లని ఒక పిటిషన్‌లో పెట్టండి. వేరే సెమిస్టర్ వాళ్లకి, విత్‌హెల్డ్‌లో ఉన్నవాళ్లకి విడిగా వెయ్యండి. కలిపేస్తే ఒకరి ఫీజు బకాయి, ఇంకొకరి మాల్‌ప్రాక్టీస్ కేసు చూపించి అందరి విచారణా సాగదీస్తారు. కోర్టు ఫీజు సాధారణంగా ఒక్కొక్కరికీ విడిగానే కట్టాలి. పేరు, హాల్ టికెట్ నంబరు, పేపర్ కోడ్, ఫీజు కట్టిన తేదీ, లావాదేవీ నంబరు, అర్జీ తేదీ ఒక పట్టికగా జతచెయ్యండి. ఆ పట్టికలో ఒక్క నంబరు తప్పయినా ఆర్డరు ఆ విద్యార్థికి పనికిరాదు, మళ్లీ సవరణ దరఖాస్తు వెయ్యాలి.

ప్రశ్న: నాలుగు వారాల్లో ఫలితం ఇవ్వాలని హైకోర్టు ఆర్డరిచ్చింది. ఆరు వారాలైంది. కాంటెంప్ట్ (కోర్టు ధిక్కార కేసు) వెయ్యాలా? (సత్యనారాయణపురం, విజయవాడ)

జవాబు: ముందు ఆర్డరు ఆఖరి పేరా చదవండి. "ఈ ఉత్తర్వు ప్రతి అందిన నాటి నుంచి నాలుగు వారాలు" అని ఉంటుంది. ఆర్డరు వచ్చిన రోజు నుంచి కాదు. లాయరు ఫోన్‌కి పంపిన ఆర్డరు చూసుకుని యూనివర్సిటీకి కూడా చేరిందనుకుంటారు చాలామంది. అసలు మీరు సర్టిఫైడ్ కాపీ తీసి, కవరింగ్ లెటరుతో రిజిస్ట్రార్‌కీ కంట్రోలర్‌కీ అందజేసి రసీదు తీసుకున్నారా? లేకపోతే ఇవాళ ఇవ్వండి, గడువు ఇవాళ్టి నుంచి మొదలవుతుంది. ఇచ్చి ఉండి నాలుగు వారాలు దాటితే, వారం గడువుతో ఒక గుర్తుచేసే ఉత్తరం రాసి, తర్వాత కాంటెంప్ట్ కేసు వెయ్యండి. అందులో అధికారిని హోదాతో పాటు పేరుతో కూడా ప్రతివాదిగా చేర్చాలి. ఈలోగా బదిలీ అయ్యారేమో కనుక్కోండి. ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాదిలోపు వెయ్యాలి. యూనివర్సిటీ రిట్ అప్పీలు వేసిందా, స్టే వచ్చిందా అన్నది కూడా ఈ-కోర్ట్స్ (కోర్టు కేసుల వివరాలుండే వెబ్‌సైట్)లో చూసుకోండి. స్టే ఉంటే కాంటెంప్ట్ ముందుకు సాగదు.

నోటీసు అందాక ఫలితం ఇచ్చేస్తే కోర్టు సాధారణంగా కేసు మూసేస్తుంది. ఆ ఫలితంలో "నో చేంజ్" అని ఉంటే కాంటెంప్ట్‌లో దాని గురించి వాదించలేరు. జవాబు పత్రం కాపీకి దరఖాస్తు పెట్టి, పటమట విద్యార్థికి పైన చెప్పిన లెక్క చూసుకుని, తప్పు దొరికితే వేరే రిట్ వెయ్యాలి.